ఆ పాదాలు ఎవరివి?

"ఉద్యమం గురించి మాట్లాడుతుంటే మధ్యలో ఈ ఆడామగా గొడవేమిటండీ?"

ఐర్లండ్ తిరుగుబాటు గురించి నలుగురం కూర్చుని మాట్లాడుకుంటున్నప్పుడు ఒక మిత్రుడు నన్నడిగిన మాట ఇది. నేను తెచ్చిన గొడవ చాలా చిన్నది. ఆయన చేతిలోని పుస్తకంలో 1916 ఏప్రిల్ 29న డబ్లిన్‌లో తీసిన ఫోటో ఉంది. తిరుగుబాటు నాయకుడు పాట్రిక్ పియర్స్ బ్రిటిష్ జనరల్ ఎదుట లొంగిపోతున్న దృశ్యం. పియర్స్ పక్కన ఇంకో మనిషి పాదాలు, గౌను అంచు కనిపిస్తున్నాయి. మనిషి మాత్రం లేదు. ఆ పాదాలు ఎవరివి అని అడిగాను. అంతే.

అవి ఎలిజబెత్ ఓఫారెల్ అనే నర్సువి. మూర్ స్ట్రీట్ ఇళ్ళలో చిక్కుకుపోయిన నాయకులు లొంగిపోదామని నిర్ణయించుకున్నాక, ఆ మాట చెప్పడానికి తెల్లజెండా పట్టుకుని వీధిలోకి ఒంటరిగా నడిచింది ఆమె. పియర్స్ సంతకం చేసిన ఉత్తర్వును నగరంలో వేర్వేరు చోట్ల పోరాడుతున్న దళాలకు చేర్చింది కూడా ఆమే. ఆ ఫోటో అచ్చయినప్పుడు కొన్ని చోట్ల ఆ పాదాలను కూడా చెరిపేశారు. ఫోటో తీసేటప్పుడు ఆమే వెనక్కి తప్పుకుందని కొందరంటారు. తప్పుకుందనే అనుకుందాం. మరి పాదాలు చెరిపింది ఎవరు? వాటివల్ల ఎవరికి ఇబ్బంది కలిగింది?

పుస్తకంలో స్త్రీని చెరిపేయడం, చట్టంలో ఆమె హక్కును చెరిపేయడం వేర్వేరు పనులు కావని నేనంటాను. మొదటిది రెండోదానికి దారి వేస్తుంది. ఐర్లండ్ చరిత్రే దీనికి సాక్ష్యం.

1916 ఏప్రిల్ 24న, ఈస్టర్ సోమవారం నాడు, పియర్స్ చదివిన స్వాతంత్ర్య ప్రకటన ఐర్లండ్ పురుషులనూ స్త్రీలనూ ఇద్దరినీ ఉద్దేశించి మొదలవుతుంది. స్త్రీపురుషులందరి ఓట్లతో ప్రభుత్వం ఏర్పడుతుందని మాట ఇస్తుంది. అప్పటికి ఐర్లండ్‌లో గానీ బ్రిటన్‌లో గానీ పార్లమెంటుకు ఓటు వేసే హక్కు ఏ స్త్రీకీ లేదు. ఆ మాట ఊరికే రాలేదు. ఓటు కోసం కిటికీ అద్దాలు పగలగొట్టి జైళ్ళకు వెళ్ళిన స్త్రీలు, కార్మిక సంఘాలు కట్టిన స్త్రీలు దాన్ని ఆ కాగితంలోకి తెచ్చారు. కింద సంతకాలు పెట్టిన ఏడుగురూ మాత్రం మగవాళ్ళే.

ఆ వారం రోజులూ స్త్రీలు ఏం చేశారు? మన పుస్తకాల్లో దీనికి సిద్ధంగా ఒక మాట ఉంటుంది: సహాయం. వంట చేశారు, కట్లు కట్టారు, ఉత్తరాలు మోశారు. చేశారు, నిజమే. అవి లేకుండా ఏ సైన్యమైనా ఒక్కరోజు నిలుస్తుందా? సైన్యంలో మగవాడు చేసినప్పుడు అదే పనికి సరఫరా విభాగమనీ, వైద్య విభాగమనీ పేర్లుంటాయి. ఆడది చేస్తే సహాయం.

పోనీ, తుపాకీ పట్టిన వాళ్ళనైనా లెక్కించారా? సిటీ హాల్‌లో దళం లొంగిపోయేనాటికి అక్కడ అందరికంటే పై హోదాలో ఉన్నది డాక్టర్ కాథ్లీన్ లిన్. సెయింట్ స్టీఫెన్స్ గ్రీన్ దగ్గర పోరాడిన దళానికి ఉపనాయకురాలు కాన్‌స్టెన్స్ మార్కీవిచ్. ఆమెకు మరణశిక్ష వేసి, ఆడది కాబట్టి యావజ్జీవంగా మార్చారు. అదే దళంలో ఉన్న మార్గరెట్ స్కిన్నిడర్ గ్లాస్గో నుంచి వచ్చిన లెక్కల టీచరు. గురిచూసి కాల్చడంలో దిట్ట. మూడు తూటాలు తగిలి బతికింది. స్వతంత్ర ప్రభుత్వం వచ్చాక 1925లో గాయాల పెన్షన్‌కు దరఖాస్తు పెట్టుకుంది. చట్టంలో సైనికుడంటే మగవాడేనని చెప్పి తిరస్కరించారు. చివరికి 1938లో గానీ ఆమెకు పెన్షన్ రాలేదు. తూటాకు తెలియని తేడా పెన్షన్ గుమాస్తాకు తెలిసింది!

ఇక సాహిత్యం సంగతి చూద్దాం. ఈ తిరుగుబాటు మీద యేట్స్ రాసిన కవిత లోకమంతా చదువుతుంది. అందులో చివరికి నలుగురు మగవాళ్ళ పేర్లు వరసగా వస్తాయి. మార్కీవిచ్ పేరు రాదు. 'ఆ స్త్రీ' అంటాడు. వాదనలతో ఆమె గొంతు కీచుగా మారిపోయిందని విచారిస్తాడు. ఉద్యమంలో మగవాడికి వీరత్వం వస్తుంది, ఆడదానికి గొంతు చెడుతుంది! మన దగ్గర కూడా సభల్లో మాట్లాడే ఆడవాళ్ళ గురించి ఈ ఫిర్యాదు మనమెరగనిది కాదు.

షాన్ ఓకేసీ వేరు. డబ్లిన్ పేదల మధ్య పెరిగినవాడు. 1926లో అబ్బీ థియేటర్‌లో ఆడిన 'ది ప్లో అండ్ ది స్టార్స్' నాటకంలో తిరుగుబాటును పేదవాడల కిటికీలోంచి చూపించాడు. నాటకానికి వ్యతిరేకంగా థియేటర్‌లో జరిగిన ఆందోళనలో ముందున్నది హానా షీహీ స్కెఫింగ్టన్. ఆమె భర్త ఆయుధం పట్టని శాంతివాది. 1916లో దోపిడీలు ఆపడానికి వీధుల్లో తిరుగుతుంటే బ్రిటిష్ అధికారి ఒకడు పట్టుకుని, విచారణ లేకుండా కాల్పించాడు. ఆమెది సంకుచిత దేశభక్తి అని కొట్టిపారేయడం తేలిక. నాకు ఇద్దరి మాటల్లోనూ నిజం కనిపిస్తుంది. యుద్ధంలో పేద స్త్రీ ఏం పోగొట్టుకుంటుందో ఓకేసీ చూశాడు. కానీ ఆయన నాటకంలో స్త్రీలు భర్తలను ఆపడానికి ఏడుస్తారు, పిచ్చివాళ్ళవుతారు, చనిపోతారు. తమంతట తాము పోరాటంలోకి వెళ్ళిన స్త్రీ ఒక్కతీ కనపడదు. వీరగాథ రాసేవాడికి స్త్రీ తల్లిగా కావాలి, వీరగాథను ఎగతాళి చేసేవాడికి బాధితురాలిగా కావాలి. మనిషిగా ఇద్దరికీ అక్కర్లేదు.

ఆ నగరాన్నీ కాస్త చూడాలి. 1911 లెక్కల ప్రకారం డబ్లిన్ నడిబొడ్డున పాత మేడలను గదులుగా విడగొట్టిన ఇళ్ళలో దాదాపు 26,000 కుటుంబాలుండేవి. అందులో 20,000 కుటుంబాలవి ఒంటిగది కాపురాలే. నీళ్ళకు పెరట్లో అందరికీ కలిపి ఒక్క కుళాయి. ఆ నీళ్ళు మెట్లెక్కించింది ఎవరో చెప్పాలా? పనుల్లేక బ్రిటిష్ సైన్యంలో చేరిన మొగుడు దూరాన యుద్ధంలో ఉంటే, అతని జీతంలోంచి వచ్చే భత్యంతో పిల్లల్ని సాకే స్త్రీలు ఎంతోమంది. తిరుగుబాటుదారులను వాళ్ళు వీధుల్లో తిట్టారు. చరిత్ర పుస్తకాలు వాళ్ళను అలగాజనమని తేల్చేశాయి. తిరుగుబాటు విఫలమైతే ఉరి, గెలిస్తే గౌరవం. ఆ స్త్రీకి మాత్రం పోస్టాఫీసు మూతపడితే ఆ వారం తిండి లేదు. ఆ కోపం రాజకీయం కాదా? ఆ వారంలో నగరంలో 40 మంది పిల్లలు చనిపోయారు. వాళ్ళ పేర్లన్నీ ఒకచోట చేరి పుస్తకంగా రావడానికి 2015 దాకా పట్టింది.

పుస్తకాల్లో ఇలా చెరిపాక చట్టం పని సులువైంది. 1922లో 21 ఏళ్ళు నిండిన స్త్రీలందరికీ ఓటు ఇచ్చిన ఆ రాజ్యమే 1927లో వాళ్ళను జ్యూరీల నుంచి దాదాపుగా తప్పించింది. పెళ్ళయితే ప్రభుత్వోద్యోగం వదులుకోవాలన్న నిబంధన 1973 దాకా సాగింది. 1919లో మార్కీవిచ్ కార్మిక మంత్రి అయింది. ఐర్లండ్‌లో మరో స్త్రీ క్యాబినెట్ మంత్రి కావడానికి 1979 దాకా, అంటే 60 ఏళ్ళు పట్టింది. 1937 రాజ్యాంగం స్త్రీ ఇంట్లో గడిపే జీవితం ద్వారా రాజ్యానికి ఆసరా ఇస్తుందని రాసి పెట్టింది. హానా, ఆమె తోటివాళ్ళు అప్పుడే ఎదిరించారు. ఆ రాజ్యాంగం వెనకున్న డి వలేరా ఎవరు? 1916లో తన దళంలోకి స్త్రీలను రానివ్వని ఏకైక దళనాయకుడు. ఆ వాక్యాలను మార్చడానికి 2024 మార్చి 8న జరిగిన ప్రజాభిప్రాయ సేకరణ కూడా ఓడిపోయింది. వాటి స్థానంలో పెట్టదలచిన మాటలు సంరక్షణ భారాన్ని మళ్ళీ కుటుంబం మీదికే తోస్తాయని చాలామంది అభ్యంతరపెట్టారు. అలా పాత వాక్యాలే మిగిలాయి.

ఇదంతా ఎక్కడో జరిగిందని అనుకోనవసరం లేదు. మన మదనపల్లెలో 1919లో టాగూర్ ఉన్నప్పుడు 'జనగణమన'కు స్వరలిపి రాసిన మార్గరెట్ కజిన్స్ గురించి మనకు తెలుసు. పాట దగ్గర ఆమె పేరు చెబుతాం. కానీ ఆమె 1908లో హానాతో కలిసి ఐరిష్ స్త్రీల ఓటు హక్కు సంఘాన్ని స్థాపించిందనీ, అందుకోసం జైలుకు వెళ్ళిందనీ, 1917లో మన దేశంలో స్త్రీల ఓటు కోసం ప్రతినిధి వర్గాన్ని కూడగట్టిందనీ ఎన్ని పుస్తకాలు చెబుతాయి? హార్మనీ తెలిసిన దొరసానిగా ఆమె మనకు ఇష్టం. అద్దాలు పగలగొట్టిన మనిషిగా అక్కర్లేదు.

తెలంగాణ సాయుధ పోరాటంలో పనిచేసిన స్త్రీల నోట వాళ్ళ కథ వినడానికి 1986లో స్త్రీశక్తి సంఘటన 'మనకు తెలియని మన చరిత్ర' తేవలసి వచ్చింది. అప్పటిదాకా ఆ పోరాటం మీద పుస్తకాలు లేవా? చాలా ఉన్నాయి. అన్నం పెట్టిన చేతుల గురించి ఒక పేరా కూడా ఉండేది.

నా మిత్రుడికి నా జవాబు ఇదే. ఉద్యమం మధ్యలో ఆడామగా గొడవ తెచ్చింది నేను కాదండీ. పాదాలు చెరిపినవాళ్ళు తెచ్చారు. పెన్షన్ కాగితం మీద సైనికుడంటే మగవాడేనని రాసినవాళ్ళు తెచ్చారు. మనం చేస్తున్నది ఆ లెక్క అడగడమే. పుస్తకంలో 'స్త్రీల పాత్ర' అని చివర కలిపే ఒక అధ్యాయంతో ఆ లెక్క తీరదు. మొదటి పేజీ నుంచీ మళ్ళీ రాయాల్సిందే.