పక్క రాష్ట్రం అడవికి మన డబ్బింగు

దిల్‌సుఖ్‌నగర్‌లో నేర్పని విద్య లేదంటారు. ఎందుకు లేదు? గ్రూప్స్, డీఎస్సీ, ఎస్సై, సాఫ్ట్‌వేర్, అన్నిటికీ కోచింగే. గ్రాఫిక్స్‌లో పులిని పుట్టించడమూ నేర్పుతారు. నిజం పులి కోసం కెమెరా పట్టుకుని పొదలో కాచుక్కూర్చోవడం మాత్రం ఏ బోర్డు మీదా ఉండదు. ఆ కోరికతో పిల్లవాడు నోరు విప్పితే ఇంట్లో అడిగేది ఒక్కటే: “తిండి పెడుతుందా?” తల్లిదండ్రుల్ని తప్పుపట్టను. జవాబు చెప్పాల్సినవాళ్లు సచివాలయంలోనూ ఫిల్మ్‌నగర్‌లోనూ కూర్చున్నారు.

2020లో ‘వైల్డ్ కర్ణాటక’ అనే వన్యప్రాణి చిత్రం డిస్కవరీ ఛానల్లో వచ్చింది. తీసింది అమోఘవర్ష, కల్యాణ్ వర్మ. వర్మ యాహూ ఉద్యోగం వదిలి అడవి బాట పట్టినవాడు. కర్ణాటక అటవీ శాఖ వాళ్లతో చేయి కలిపింది. ఇంగ్లీషులో డేవిడ్ అటెన్‌బరో, తెలుగులో ప్రకాశ్‌రాజ్ కథ చెప్పారు. పొరుగువాళ్ల అడవికి తెలుగు గొంతు దొరికింది, బాగుంది. మరి దేశంలోకెల్లా పెద్దదైన నాగార్జునసాగర్-శ్రీశైలం టైగర్ రిజర్వ్ మాటేమిటి? అంతరించిందనుకున్నాక 1986లో కడప చిట్టడవిలో మళ్లీ దొరికిన కలివికోడి అనే పక్షి కథ మన పిల్లల్లో ఎందరికి తెలుసు?

అడవి చిత్రాలు తీయడం డబ్బున్నవాళ్ల సరదా అనేవాళ్లకు ఒక్క మాట. గుజరాత్ తీరంలో తిమింగల సొరల ఊచకోతను మైక్ పాండే 2000లో సినిమా తీసి చూపించాడు. మరుసటి ఏడే ఆ చేపకు చట్టరక్షణ వచ్చింది. కర్ణాటకలో కుద్రేముఖ్ గనుల విధ్వంసాన్ని శేఖర్ దత్తాత్రి చిత్రం సుప్రీంకోర్టు దాకా చేర్చింది. 2005 చివరికి తవ్వకం ఆగింది.

మన సంగతి చూడండి. 2025 ఏప్రిల్‌లో హైదరాబాద్ కంచ గచ్చిబౌలిలో చెట్ల నరికివేతను సుప్రీంకోర్టు ఆపేదాకా మన చేతిలో ఉన్నవి ఫోన్ వీడియోలే. వాటిలో ఏఐ బొమ్మలు కలిశాయి. అసలేది, నకిలీ ఏదన్న రగడ మొదలైంది. ఆ నేలను ఏళ్ల తరబడి చిత్రీకరించినవాడు ఒక్కడున్నా ఆ రగడకు తావుండేదా?

శిక్షణకు చోటు లేదనకండి. ఎల్‌బీ నగర్ దాటగానే, వనస్థలిపురం పక్కన, విజయవాడ హైవేని ఆనుకుని మహావీర్ హరిణ వనస్థలి ఉంది. ఒకప్పటి నిజాం వేటభూమి, 1975లో పార్కయింది. మూడువేల ఆరువందల ఎకరాలు, కృష్ణజింకల మందలు. అటవీ శాఖ ఏటా పదిమంది యువకులకు ఫీజు లేకుండా అక్కడ చిత్రీకరణకు అనుమతులివ్వాలి. టీవీ ఛానళ్లు వాళ్ల చిత్రాలకు వారానికి అరగంట కేటాయించి, పనికి తగ్గ డబ్బివ్వాలి.

ఇక సినిమా పెద్దలు. ఎర్రచందనం స్మగ్లర్‌ని హీరోని చేసి కోట్లు గడించారు. ఆ కోట్లలో ఎర్రచందనం పెరిగే శేషాచలం అడవికి బాకీ ఉంది. మేం చందా అడగడం లేదు, బాకీ వసూలుకొచ్చాం. కట్టండి.