తక్కెడ ఒకటే, తూకం రాళ్లు రెండా?

మీకు షరియత్ ఎక్కువా, రాజ్యాంగం ఎక్కువా? ఈ ప్రశ్న మాకు కొత్త కాదు. టీకొట్టు దగ్గర అడుగుతారు. సెమినార్లలో అడుగుతారు. టీవీ చర్చల్లో అరుస్తూ అడుగుతారు. ఇల్లు అద్దెకి అడగబోతే మాటల మధ్యలో అడుగుతారు. అడిగేవాళ్లు కాషాయం వాళ్లే అయితే ఇంత రాయక్కర్లేదు. మా భుజాన చెయ్యేసి నడిచిన అభ్యుదయ మిత్రులూ అడుగుతున్నారు.

సూటిగానే చెబుతాం. ఈ దేశంలో ఏ చట్టం కన్నా రాజ్యాంగమే ఎక్కువ. నమాజు చేసే మేమే ఈ మాట చెబుతున్నాం. మా ఈమాన్ మా గుండెల్లో ఉంటుంది. పెళ్లి, విడాకులు, ఆస్తి, ఉద్యోగం, శిక్ష చట్టం చేతిలో ఉంటాయి. ఆ చట్టం నెత్తిన రాజ్యాంగం ఉంటుంది. ఇంతవరకూ పేచీ లేదు. మమ్మల్ని తూచే తక్కెడలోనే మిగతా చట్టాల్నీ తూచమన్నప్పుడే పేచీ. అప్పుడు ప్రశ్న అడిగినవాళ్లు నీళ్లు నములుతారు.

13వ అధికరణం చదవండి. పెద్ద చదువేం అక్కర్లేదు. రాజ్యాంగం రాకముందు నుంచీ ఉన్న చట్టాలు ప్రాథమిక హక్కులకి ఎంతమేరకు అడ్డమొస్తే అంతమేరకు చెల్లవు. ఆ తర్వాత ప్రభుత్వం హక్కుల్ని హరించే చట్టం చేస్తే అదీ అంతమేరకు చెల్లదు. చట్టమంటే అసెంబ్లీలో పాసైందే అనుకోకండి. ఆర్డినెన్సు, ఉత్తర్వు, నోటిఫికేషన్, చివరికి చట్టం బలమున్న ఆచారం కూడా అందులోకే వస్తాయి. 1973లో కేశవానంద భారతి కేసులో 13 మంది న్యాయమూర్తులు కూర్చుని ఇంకో మెట్టు పైకి వెళ్లారు. పార్లమెంటు రాజ్యాంగాన్ని సవరించొచ్చు గానీ దాని మౌలిక స్వరూపాన్ని చెరపడానికి వీల్లేదని 7–6 మెజారిటీతో తేల్చారు. ఓట్ల బలం ఎంతున్నా హద్దొకటి ఉందన్నమాట. మైనారిటీలకి ఆ హద్దే కోటగోడ.

ముందు మా ఇంటి సంగతే మాట్లాడదాం. 1937 షరియత్ చట్టం ఆకాశం నుంచి దిగిందా? బ్రిటిష్ ఏలుబడిలోని శాసనసభ చేసిన చట్టం అది. చేసినప్పుడే వ్యవసాయ భూమిని అందులోంచి తప్పించారు. అది రాష్ట్రాల పరిధి అన్నారు. కూతుళ్ల వాటా పొలం గట్టు దగ్గరే ఆగిపోయింది. హజరత్, ఆ వాటా కోసం షాబానో నాటి ఊరేగింపులు ఎందుకు కనపడలేదు? షరియత్ ఆడదాని భరణం దగ్గరే ఎందుకు గుర్తుకొస్తుంది?

పర్సనల్ లా చుట్టూ గోడ కట్టింది ముల్లాలేనని అనేవాళ్లకి కూడా ఒక మాట. 1951లో బొంబాయి హైకోర్టు నరసు అప్పా మాలి కేసులో వ్యక్తిగత చట్టాలు 13వ అధికరణం కిందికి రావంది. అది ముస్లింల కేసు కాదు. హిందువుల్లో ద్విభార్యాత్వాన్ని నిషేధించిన బొంబాయి చట్టం మీద వచ్చిన కేసు. ఆ చట్టమైతే నిలబడింది గానీ దాంతోపాటు గోడా నిలబడింది. దాని నీడన అన్ని మతాల మగవాళ్లూ చల్లగా కూర్చున్నారు.

ఇండోర్ షాబానోని అరవై దాటిన వయసులో వకీలైన భర్త వదిలేశాడు. హైకోర్టు ఇప్పించిన భరణం నెలకి 179 రూపాయల 20 పైసలు. 1985లో సుప్రీంకోర్టు ఇవ్వాల్సిందేనంది. మతపెద్దలు రోడ్డెక్కారు. రాజీవ్ గాంధీ ప్రభుత్వం 1986లో కొత్త చట్టం తెచ్చింది. అదే ఏడాది ఫిబ్రవరిలో జిల్లా కోర్టు ఉత్తర్వుతో బాబ్రీ మసీదు తాళాలు తీశారు. మతపెద్దలకో తాయిలం, హిందూత్వకో తాయిలం. మా ఆడవాళ్లకి ఖాళీ విస్తరి.

ఆ విస్తరిలో అన్నం పెట్టింది రాజ్యాంగమే. 2001లో డానియల్ లతీఫీ కేసులో సుప్రీంకోర్టు 1986 చట్టాన్ని కొట్టెయ్యకుండానే, సమానత్వానికి లొంగేలా దానికి అర్థం చెప్పింది. ఆమె భవిష్యత్తుకి సరిపడా ఏర్పాటు ఇద్దత్ లోపే చెయ్యాలంది. 2024 జూలై 10న, మన తెలంగాణ నుంచి వెళ్లిన కేసులో, సెక్షన్ 125 ముస్లిం స్త్రీలకీ వర్తిస్తుందని, 1986 చట్టం ఆ తలుపు మూయలేదని చెప్పింది. 1985లో చెప్పిన మాట మళ్లీ ఇంత గట్టిగా వినడానికి 39 ఏళ్లు పట్టింది.

2017లో ట్రిపుల్ తలాక్ 3–2 తీర్పుతో పోయింది. 1937 చట్టం దాన్ని గుర్తించినంతమేరకు 13వ అధికరణం కింద చెల్లదని ఇద్దరు న్యాయమూర్తులన్నారు. అది ఖురాన్‌కే విరుద్ధమని మూడో ఆయనన్నారు. పోవాల్సిందే పోయింది. మరి 2019 చట్టం సంగతేంటి? చెల్లని మాట అన్నందుకు మూడేళ్ల దాకా జైలా? తలాక్ అనకుండా భార్యని గాలికొదిలేసి పోయే మగవాళ్లు అన్ని మతాల్లోనూ ఉన్నారు. వదిలేసినందుకే జైలన్న చట్టం వాళ్లకెవరికీ లేదు. జైల్లో కూర్చున్నవాడు భరణం ఎక్కణ్ణించి తెస్తాడు? 14వ అధికరణం మా మొగుళ్ల దగ్గరికొచ్చేసరికి సెలవు పెట్టిందా?

ఇక అసలు తూకం చూడండి. 1950 షెడ్యూల్డ్ కులాల ఉత్తర్వులో మూడో పేరా ఉంది. హిందువు కానివాడు షెడ్యూల్డ్ కులస్తుడు కాడని రాశారు. 1956లో సిక్కుల్ని చేర్చారు, 1990లో బౌద్ధుల్ని చేర్చారు. మంచిదే. ముస్లిం, క్రైస్తవ దళితులు గుమ్మం బయటే ఉన్నారు. మన దగ్గర మెహతర్ కులం ఎస్సీ జాబితాలో ఉంది. అదే చీపురు, అదే పాయఖానా, అదే వెలి. కానీ కల్మా చదివితే ముస్లిం మెహతర్ అయి బీసీ–ఏ లోకి పోతాడు. రిజర్వుడు సీటు లేదు. కులం పేరుతో కొడితే 1989 అట్రాసిటీ చట్టం లేదు. మతాన్ని బట్టి వివక్ష చూపొద్దని 15వ అధికరణం, నచ్చిన మతం పాటించొచ్చని 25వ అధికరణం. ఈ రెండూ ఒకవైపు, మూడో పేరా ఒకవైపు. ఏది ఎక్కువ? ఆ పేరా తీసెయ్యమని రంగనాథ్ మిశ్రా కమిషన్ 2007లోనే చెప్పింది. వినకుండా 2022లో ఇంకో కమిషన్ వేశారు. రాజ్యాంగం ఎక్కువా అని మమ్మల్ని నిలదీసేవాళ్లు ఈ పేరాని ఎన్నిసార్లు నిలదీశారు?

మా అష్రాఫ్ పెద్దలకీ ఇదే ప్రశ్న. ఇస్లాంలో కులం లేదని మింబర్ మీద నుంచి చెప్పి, దూదేకులోళ్లకీ మెహతర్లకీ పిల్లనివ్వనివాళ్లు ఈ పేరా గురించి ఎందుకు నోరు విప్పరు?

మిత్రులారా, మేం జాలి అడగడం లేదు, మినహాయింపూ అడగడం లేదు. భరణం అడిగే మా చెల్లెలికీ, సర్టిఫికెట్ అడిగే మా మెహతర్ తమ్ముడికీ ఒకే పుస్తకం వర్తింపజేయమంటున్నాం. మా షరియత్ చట్టాన్ని తూచండి, అడ్డు చెప్పం. మీ 2019 చట్టాన్నీ, మీ మూడో పేరానీ పక్కనే పెట్టి తూచండి. అంతదాకా మమ్మల్ని పరీక్షించే హక్కు మీకు లేదు.