వాటాదారుని విధి

ఎకరము పొలము కొనవలసివచ్చినచో మన రైతు దస్తావేజులు చదివించును. గట్లు నడిచి చూచును. నీటి వసతి విచారించును. తాకట్టు గలదేమోయని రిజిస్ట్రేషను కచ్చేరీలో వెదకించును. ఆ రైతే కంపెనీ వాటాలు కొనునపుడు ధర పెరుగునా యని తప్ప మరేమియు నడుగడు. వాటా యనగా వ్యాపారమున భాగము. దాని దస్తావేజు వార్షిక నివేదిక. దానిని చదువక కొనుట జూదమే యని మా యభిప్రాయము. ధర వేరు, విలువ వేరనియు, విలువను లెక్కలనుండి తేల్చి అంతకు మిక్కిలి తక్కువకే కొనవలెననియు అమెరికాలో బెంజమిన్ గ్రాహము బోధించెను.

చదువవలసిన పట్టికలు మూడు. ఆస్తి అప్పుల పట్టిక కంపెనీ స్థితిని, లాభనష్టముల పట్టిక యేడాది సంపాదనను, నగదు రాకపోకల పట్టిక ఆ సంపాదన చేతికందినదా లేదా యనుటను దెలుపును. అరువుకు అమ్మినను లాభమని వ్రాసికొనవచ్చును. కాని ఆ వ్రాతతో జీతములు చెల్లవు. ఏటేట లాభము పెరుగుచు నగదు పెరుగనిచో కారణ మరయవలెను.

సత్యం కంప్యూటర్సు ఉదంతమును తెలుగువారు మరవరాదు. 2008 సెప్టెంబరు 30 నాటి పట్టికలో చూపిన నగదు, బ్యాంకు నిలువలు రు. 5,361 కోట్లు. అందు రు. 5,040 కోట్లు లేనేలేవనియు, రావలసిన వడ్డీగా చూపిన రు. 376 కోట్లును కల్పితమేయనియు 2009 జనవరి 7వ తేదీ లేఖలో అధ్యక్షుడు రామలింగరాజు ఒప్పుకొనెను.

బ్యాంకు నిలువల నిజము తేల్చుట ఆడిటరు ధర్మము. ఇంట కూర్చున్న వాటాదారునికి సాధ్యము కాదందురు. నిజమే. కాని ప్రశ్నించుట సాధ్యమే. 2008 డిసెంబరులో సత్యం ధనముతో అధ్యక్షుని కుటుంబమువారి మేటాస్ కంపెనీలను కొనబూనగా మదుపుదారులు తీవ్రముగా నాక్షేపించిరి; ఆ బేరము వెంటనే విరమింపబడెను. కల్పితాస్తుల స్థానమున నిజమైన యాస్తులను నింపుటకు అదియే కడపటి యత్నమని పిమ్మట ఆ లేఖయే తెలిపెను. ఆక్షేపణ లేకున్న ఆ కపటము మరికొంతకాలము దాగియుండెడిదేమో!

నేడు వార్షిక నివేదికలు కంపెనీల వెబ్‌సైట్లలో ఉచితముగనే లభించుచున్నవి. ఐదేండ్ల నివేదికలు వరుసగా చదువుడు. వెనుక పుటల వివరణలలో యజమానుల బంధువులతోడి లావాదేవీలను, తాకట్టులను, కోర్టు వ్యాజ్యములను తప్పక చూడుడు. అర్థము కానిచో కంపెనీని అడుగుడు. తృప్తికరమైన సమాధానము రానిచో కొనకుడు.