గురువారం రాత్రి తొమ్మిదిన్నర తర్వాత...

పుంగనూరు కుర్రాడొకడు నాలుగు పేజీల ఉత్తరం రాశాడు. మదనపల్లెలో డిగ్రీ చదువుతున్నాడట. కాలేజీ ఫంక్షన్‌లో మిమిక్రీ చేస్తే ఈలలే ఈలలట! కుప్పంలో ఉండే మేనమామ కొడుకుతో కలిసి స్కిట్లు కూడా రాసుకున్నాడు. చదువు మానేసి హైదరాబాదు బస్సెక్కి టీవీ కామెడీ షోలో చేరాలని ఉందట. మా యాస విని నవ్వుతారేమోనని భయం కూడానట. పేరు వేయొద్దన్నాడు కనుక వేయడం లేదు. నాన్నకు తెలిస్తే వీపు విమానం మోతే మరి!

తమ్ముడూ, సలహా తర్వాత. ముందొకాయన కథ విను.

ఎల్దండి వేణు. సిరిసిల్ల మనిషి. 2007లో 'దిల్' రాజు తీసిన 'మున్నా'లో ఓ చిన్న వేషం వేశాడు. ఆ తర్వాతా చిన్న వేషాలే. తెర మీద రెండు నిమిషాలు, పోస్టరు మీద సున్నా.

2013 ఫిబ్రవరి 7, గురువారం రాత్రి ఈటీవీలో 'జబర్దస్త్' మొదలైంది. జడ్జీల కుర్చీల్లో నాగబాబు, రోజా. (అవును, మరుసటి ఏడే మీ వైపు నగరి నుంచి ఎమ్మెల్యే అయిన రోజాయే!) యాంకర్ అనసూయ. చమ్మక్ చంద్ర, ధనరాజ్, రాకెట్ రాఘవ, చలాకీ చంటి, వీళ్లతో పాటు మన 'వేణు వండర్స్'. చూస్తుండగానే ఈ మొహాలన్నీ ఇంటింటి చుట్టాలైపోయాయి.

కానీ ఆ వెలుగులో ఒక తిరకాసుంది. సినిమాలో ఒక్క సీను పేలితే కమెడియన్ దాని మీద ఏడాది బతుకుతాడు. టీవీలో ఈ గురువారం పేలిన పంచ్ వచ్చే గురువారానికి చద్దన్నం! మళ్లీ కొత్తది వండాలి. పైగా షో పేరే ఇంటిపేరై కూచుంటుంది. అక్కడి నుంచి హీరోలైనవాళ్లూ ఉన్నారనుకో. షకలక శంకర్‌కు 'శంభో శంకర' (2018), సుడిగాలి సుధీర్‌కు 'గాలోడు' (2022). వేణు మాత్రం వేరే దారి పట్టాడు.

2023 మార్చి 3న 'బలగం' విడుదలైంది. దర్శకుడు వేణు అనగానే నవ్వుకుందామని వెళ్లినవాళ్లు కర్చీఫులు తడుపుకుని బయటికొచ్చారు. ఊళ్లో ముసలాయన కొమురయ్య పోతాడు. పిండం పెడితే కాకి ముట్టదు. ఇంతే కథ! తీసింది దిల్ రాజు సంస్థే. చిన్న వేషమిచ్చిన గడపే పదహారేళ్లకు డైరెక్టర్ కుర్చీ వేసింది! తెలంగాణ పల్లెల్లో జనం నడివీధిలో తెర కట్టుకుని మరీ చూశారు.

చివర్లో ఆ చావింటి పాట పాడిన పస్తం మొగిలయ్య, కొమురమ్మ సినిమావాళ్లు కారు. ఊరూరా కథ చెప్పుకునే బుడగ జంగాల దంపతులు. మొగిలయ్య 2024 డిసెంబరులో కన్నుమూశాడు. అలాంటి పాట ఒకటుందని వేణుకు ఏ టీవీ ఫ్లోర్ మీదా తెలియలేదు. అది అతని ఊరి సొత్తు.

మరి నీ ఊరి సొత్తేమిటోయ్? చిత్తూరు సీమలో ద్రౌపదమ్మ గుళ్ల దగ్గర పద్దెనిమిది రోజులు భారతం జరుగుతుందా లేదా? పగలు హరికథ, రాత్రి వీధినాటకం. మీసాలు గీయించుకుని ఆడవేషం కట్టే మగవాడు, మధ్యలో దూరి రాజుగారినే ఆటపట్టించే హాస్యగాడు. టీవీలో లేడీ గెటప్పులు చూసి మురిసిపోతున్నావు గానీ, మీ తాతలు తెల్లవార్లూ చూసింది లేట్‌నైట్ కామెడీ షో కాదూ?

ఇక యాస సంగతి. సీమ మాట అంటే ఫ్యాక్షన్ విలన్‌దే అనుకున్న రోజులు పోయాయి. చిత్తూరు యాసలో మాట్లాడిన 'పుష్ప' (2021)కే అల్లు అర్జున్ జాతీయ ఉత్తమ నటుడయ్యాడు. నువ్వు దాచుకుందామనుకున్న మాటను ఆయన కష్టపడి నేర్చుకున్నాడయ్యా!

కనుక డిగ్రీ పూర్తిచెయ్యి. మున్నా నుంచి బలగం దాకా పదహారేళ్లు పట్టింది. అన్నేళ్లు అద్దె కట్టాలి కదా! ఈలోగా ఒక స్కిట్ రాసి నాకు పంపు. టమోటా మండీలో తెల్లవారుజామున వేలంపాట మీదే రాయి. కుప్పం బావమరిది అటు అరవం, ఇటు కన్నడం కలిపి మాట్లాడతాడన్నావే, ఆ ముక్కలు మాత్రం దిద్దకుండా పంపాలి సుమా!