సున్నం తర్వాత, ముందు ముల్లు తీయండి
కిందటి కార్తీకంలో ఏలూరు నుంచి గూడెం దగ్గర మామిడితోటకి వనభోజనాలకి వెళ్ళాం. మా చెల్లెలి కొడుకుని తేనెటీగ కుట్టింది. "సున్నం పెట్టండమ్మా" అన్నారు మా అత్తగారు. నేను తాంబూలం డబ్బా కోసం సంచులన్నీ వెతికాను. అంతసేపూ ముల్లు వాడి చేతిలోనే ఉంది.

తేనెటీగ ముల్లుతో పాటు విషపు తిత్తినీ వదిలేస్తుంది. అది ఉన్నకొద్దీ విషం ఎక్కుతుంది. గోటితోనైనా సరే వెంటనే తీసెయ్యాలి. తర్వాత సబ్బుతో కడిగి ఐసు పెట్టాలి. కందిరీగ ముల్లు వదలదు, మళ్ళీ మళ్ళీ కుడుతుంది. అక్కణ్ణించి దూరంగా పోవాలి.

కాసేపటికి వాడి పెదవులు వాచాయి, ఆయాసం వచ్చింది. 108కి ఫోన్ చేశాం. ఆసుపత్రిలో ఎడ్రినలిన్ ఇంజక్షన్ ఇచ్చాక తేరుకున్నాడు. ఆ ఆయాసానికి సున్నం ఏం చేస్తుంది చెప్పండి?

పెద్దల మాట కొట్టెయ్యమనను. కానీ కుట్టినవాళ్ళని కాసేపు కనిపెట్టుకుని ఉండటం అంతకన్నా ముఖ్యం. ఆటపాక పక్షుల్ని చూడ్డానికెళ్ళినా, కొల్లేటికోట పెద్దింట్లమ్మ దగ్గరికెళ్ళినా, వంటకి పొయ్యి పెట్టేముందు ఒక్కసారి తలెత్తి చూడండి. పైన తేనెపట్టు ఉంటే ఆ చెట్టు మనది కాదు.