‘ఎలా’ అన్న మాట ఎక్కడ?

హోసూరు దగ్గర హైవే మీద లారీ గుద్ది, బైకు వెనక కూర్చున్న ఇల్లాలి తొడ ఎముక విరిగిందనుకుందాం. 108 వచ్చి దగ్గరి ఆసుపత్రిలో చేరుస్తుంది. అక్కడ కుదరదంటే రాష్ట్రం దాటించి బెంగళూరు తీసుకెళ్తారు. మరి కేస్‌షీట్‌లో ఏం రాస్తారు? విరిగిన ఎముక పేరు, పక్కన ‘ఆర్‌టీఏ’ అని మూడక్షరాలు. రోడ్డు ప్రమాదమని దానర్థం. అంతటితో సరి! ఆమె బండి నడిపిందా, వెనక కూర్చుందా, గుద్దిందేమిటి... ఈ సంగతులు చాలాసార్లు కాగితమెక్కవు.

రాయడానికి పద్ధతి లేక కాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ సభ్యదేశాలు 1990లో ఆమోదించిన ఐసీడీ-10 పట్టికలో గాయానికో కోడ్, అది ఎలా తగిలిందో చెప్పడానికి మరో కోడ్ ఉన్నాయి. తొడ ఎముక విరిగితే ఎస్72. రవాణా ప్రమాదాలకు వి01 నుంచి వి99 దాకా కేటాయించారు. నడిచేవాళ్లకు వి01, సైకిలుకు వి10, మోటారు సైకిలుకు వి20, ఆటోకు వి30, కారుకు వి40, బస్సుకు వి70 నుంచి వరస మొదలవుతుంది. పైన చెప్పిన ఇల్లాలికి పడాల్సింది వి24.5. అంటే బైకు వెనక కూర్చున్న మనిషిని రోడ్డు మీద లారీయో బస్సో గుద్దిందని. బండి నడిపినవారైతే వి24.4. వివరం రాయకపోతే మిగిలేది వి89.2. ఏదో మోటారు బండి, ఏదో ప్రమాదం!

కోడ్ గొడవ మనకెందుకులే అనుకోవద్దు. 2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది పోయారని కేంద్రం లెక్క. అది పోలీసు రికార్డుల నుంచి తీసింది. కేసు దాకా పోని క్షతగాత్రుల సంగతి తెలియాలంటే ఆసుపత్రి రికార్డే దిక్కు. అక్కడా ‘ఏదో ప్రమాదం’ అని ఉంటే ఏ ఊళ్లో నడిచేవాళ్లు దెబ్బతింటున్నారో, ఎక్కడ షేర్ ఆటోలు బోల్తా పడుతున్నాయో ఎవరికి తెలుస్తుంది?

సరిహద్దుల్లో ఉన్న మనకు ఈ చిక్కు రెండింతలు. బరంపురం నుంచి విశాఖకు, యానాం నుంచి కాకినాడకు, సిరొంచ నుంచి గోదావరి దాటి వరంగల్‌కు క్షతగాత్రుల్ని తీసుకెళ్లడం మనకు కొత్త కాదు. ప్రమాదం ఒక రాష్ట్రం లెక్కలోకి పోతుంది. ప్రాణం పోతే, 1969 నాటి జనన మరణాల చట్టం ప్రకారం, పోయిన చోటే మరణం నమోదవుతుంది. ఆ రెండు కాగితాల్నీ కలిపేది ‘ఎలా జరిగింది’ అన్న ఒక్క వాక్యమే. మనం తెలుగులో చెబుతాం, నర్సు తమిళంలోనో ఒడియాలోనో అర్థం చేసుకుంటుంది, డాక్టరు ఇంగ్లిషులో రాస్తాడు. ఇన్ని చేతులు మారేసరికి మిగిలేవి ఆ మూడక్షరాలే.

అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ నేర్చుకున్న మన పిల్లలు ఎక్కడో అమెరికాలో కారు దెబ్బ తిన్నవాళ్లకు దశాంశాలతో సహా కోడ్లు వేస్తున్నారు. మనింటి మనిషికి మాత్రం వి89.2!

తప్పు ఆసుపత్రిదే అనలేం. పోలీసు కేసుకు భయపడి ‘జారిపడ్డాడు సార్’ అని చెప్పేవాళ్లు మనలో తక్కువేం కాదు. ఆ మాటే రేపు పరిహారం ట్రిబ్యునల్లో బీమా కంపెనీ లాయరు చేతికి దొరుకుతుంది. 2025లో కేంద్రం తెచ్చిన నగదు రహిత చికిత్స పథకంలో ఏడు రోజుల వరకు రూ.1.5 లక్షల వైద్యం దక్కాలన్నా, అది రోడ్డు ప్రమాదమని రికార్డు కావాల్సిందే.

చేయాల్సింది పెద్ద ఖర్చు పనేం కాదు. సరిహద్దు జిల్లాల క్యాజువాలిటీ రిజిస్టర్లలో మూడు గడులు అచ్చు వేయాలి: బాధితుడు దేని మీద ఉన్నాడు, నడిపాడా కూర్చున్నాడా, గుద్దిందేమిటి. ఆ ప్రశ్నలు తెలుగులో కూడా ఉండాలి. పెద్దాసుపత్రికి పంపేటప్పుడు రెఫరల్ చీటీలో ఆ మూడూ రాయాలి. మరణ కారణ ధ్రువపత్రంలో ‘గాయం ఎలా తగిలింది’ అనే గడిని ఖాళీగా వదలకూడదు. 2022లో అమల్లోకి వచ్చిన ఐసీడీ-11లో కోడ్ల రాత మారింది గానీ అడిగే సంగతులు ఇవే.

మనవంతుగా జరిగింది జరిగినట్టు చెబుదాం. రాసిన కాగితాన్ని ఒకసారి చదివించుకుందాం. గాయం ఎలా తగిలిందో రాయని ఊళ్లో రేపటి గాయాన్ని ఆపేదెవరు?