కొలత ద్రవ్యానికే, బుద్ధికి కాదు

"కొలవగలిగినదే సత్యం, కొలతకు అందనిది భ్రమ" అని నేడు కొందరు విద్యావంతులు ఘోషిస్తున్నారు. "ఆస్తికునికి కొలతలతో పనేమి?" అని కొందరు భక్తులు బదులిస్తున్నారు. ఈ రెండు పక్షాలూ విచారణకు నిలువవు.

భక్తుల పక్షాన్ని ముందుగా పరిశీలించాలి. 'మా' ధాతువుకు కొలుచుట అని అర్థం. ప్రమాణ శబ్దం అందుండే పుట్టింది. అగ్నిచయనంలో యజమాని చేతులెత్తి నిలిచిన ఎత్తే 'పురుష' మానం. ప్రథమ చయనంలో చితి వైశాల్యం 7½ చదరపు పురుషాలు. 5 వరుసలు, వరుసకు 200 ఇటుకలు. ఇంతటి గణితాన్ని శుల్బసూత్రాలలో నిక్షేపించిన సంప్రదాయం కొలతను నిందించజాలదు. రక్తంలోని చక్కెర ద్రవ్యం. దానికి పరిమాణం ఉంది. రక్తపరీక్షను ధిక్కరించి విభూతి ఒక్కటే చాలుననడం భక్తి కాదు, ప్రమాణతిరస్కారం.

ఇక మొదటి పక్షం. తెలుగువాడైన అన్నంభట్టు తర్కసంగ్రహంలో 24 గుణాలను పరిగణించాడు. అందులో పరిమాణం ఒకటి. బుద్ధి, సుఖం, ధర్మం దానికి భిన్నమైనవి. గుణం ద్రవ్యాన్ని ఆశ్రయిస్తుందే గాని గుణంలో మరొక గుణం ఉండదని వైశేషిక సిద్ధాంతం. వస్త్రానికి పొడవుంటుంది, వస్త్రపు తెల్లదనానికి పొడవుండదు. అట్లే బుద్ధికీ పరిమాణం లేదు. బుద్ధికి ఆశ్రయమైన ఆత్మకు పరిమాణం ఉన్నది గాని, అది పరమమహత్తు, సర్వజీవులలో సమానం. ప్రథమశ్రేణి పొందిన బాలునికీ, పరీక్ష తప్పిన బాలునికీ అందులో అణుమాత్రం భేదం లేదు.

"అయితే మార్కులు కొలిచేది దేనిని?" అని ఆక్షేపణ. ఆ మూడు గంటలలో ఆ కాగితంపై వ్రాసిన సమాధానాలను. అంతకు మించి ఏమీ లేదు. 1905లో పారిస్‌లో బాలల బుద్ధిపరీక్షను రూపొందించిన ఆల్‌ఫ్రెడ్ బినే, చదువులో తోడ్పాటు అవసరమైన పిల్లలను గుర్తించడానికే దానిని ఉద్దేశించాడు. గీతను కొలిచినట్లు బుద్ధిని కొలవలేమని తానే హెచ్చరించాడు. తరువాతివారు హెచ్చరికను విడిచి అంకెను పట్టుకున్నారు.

వైద్యంలోనూ ఇదే పొరపాటు. బరువును ఎత్తు వర్గంతో భాగించే సూత్రం 19వ శతాబ్దిలో బెల్జియం గణకుడు క్వెటెలే జనసమూహపు సగటును వర్ణించడానికి కూర్చినది. అది కండకూ కొవ్వుకూ భేదం ఎరుగదు. చరకుడు దేహాన్ని ఎవరి అంగుళాలతో వారికే కొలిచాడు. సగటు మనిషి కోసం పుట్టిన అంకె ఒక్కటే ఒక వ్యక్తి ఆరోగ్యానికి తుదితీర్పు కాజాలదు.

పరిమాణం లేనిచోట పరిమాణాన్ని ఆరోపించడమే అధ్యాస. ఇది తార్కికుల వినోదం కాదు. ఇంటర్ ఫలితాలు వెలువడిన రోజుల్లో తెలుగునాట పిల్లలు ప్రాణాలు తీసుకున్న వార్తలు వస్తున్నాయి. కాగితానికి చెందిన అంకెను తమ ఆత్మకు చెందినదిగా ఆ పిల్లలు భ్రమించారు. ఆ భ్రమను నేర్పినవారు పెద్దలే.

జపసంఖ్యను చాటుకునే సాధకులకూ ఇందులో పాఠం ఉంది. జపమాల మనసు చాపల్యాన్ని కట్టడానికే గాని, భక్తిని తూచడానికి కాదు. తన జపాన్ని కోట్లలో ప్రకటించుకునే తండ్రి, కుమారుని మార్కులను పొరుగువాని కుమారుని మార్కులతో పోల్చకుండా ఉండగలడా?

కావున కొలవవలసిన దానిని నిష్ఠతో కొలవాలి. ఫలితాలు వచ్చిన సాయంత్రం మాత్రం, అంకెను చూసే ముందు బిడ్డ ముఖాన్ని చూడాలి.